తినడానికీ దారి చూపేవాడు కావాలా?

జపాన్ దేశంలోని ఒసాకా నగరంలో ఉద్యోగం చేస్తున్న మా బంధువుల కుర్రాడొకడు రంజాన్ నెల రావడానికి ముందు ఫోనులో మాట్లాడుతూ ఒక వింత సంగతి చెప్పాడు. అక్కడ సాయంకాలం కాగానే గైడులు విదేశీ యాత్రికులను పదిమందేసి చొప్పున వెంటబెట్టుకుని సందుల వెంట తిప్పుతారట. ఒక్కొక్క కొట్టు దగ్గర ఒక్కొక్క వంటకం రుచి చూపిస్తారట. రాత్రివేళ నగరం ఎలా ఉంటుందో చూపించి, చివరికి రైలు స్టేషను దగ్గర వదిలిపెడతారట. ఇందుకు రుసుము కూడా బాగానే పుచ్చుకుంటారట. పెద్దపంజాణిలోని మా ఇంట్లో ఈ మాట విన్నవారంతా ఆశ్చర్యపోయారు. మా ఖాలా అయితే నవ్వేసింది. “కోటలూ గోపురాలూ చూడటానికి గైడు కావాలంటే సరే. నోట్లో ముద్ద పెట్టుకోవడానికి కూడా గైడెందుకు బేటా?” అంది.

నవ్వులాటకు అన్నా, ఆ ప్రశ్నకు మా దగ్గర వెంటనే జవాబు లేకపోయింది. తినడానికి నిజంగానే దారి చూపేవాడు అవసరమా? ఆ జవాబు వెతుక్కుంటూ రంజాన్‌లో హైదరాబాదు పాతబస్తీలో మేము గడిపిన ఒక రాత్రి గురించి పాఠకులతో పంచుకోవాలన్నదే ఈ వ్యాసం ఉద్దేశం.

పొంగణాల పెనం, పరాయి సందు

ముందుగా ఒసాకా సంగతి. ఆ నగరంలో దోతోన్‌బోరి అని ఒక పేట ఉంది. 1615లో తవ్వకం పూర్తయిన ఒక కాలువ పేరే ఆ పేటకూ వచ్చింది. ఒకప్పుడు ఆ కాలువ గట్టున నాటకశాలలు ఉండేవి. నాటకాలకు వచ్చే జనం కోసం తినుబండారాల కొట్లు వెలిశాయి. నాటకశాలలు పోయినా కొట్లు నిలిచాయి. తిండికే ఆస్తి కరగబెట్టుకునేవారు ఒసాకా జనమని జపానులో ఒక నానుడి కూడా ఉంది.

అక్కడ యాత్రికులకు మొదట రుచి చూపించేది తకోయాకి అనే వంటకం. దాన్ని చేసే పెనం అచ్చం మన గుంతపొంగణాల పెనమే. పిండి పోసి, పుల్లతో తిప్పుతూ గుండ్రంగా కాలుస్తారు. అయితే లోపల పెట్టేది ఆక్టోపస్ ముక్క. ఇంకొకటి ఒకొనోమియాకి. కోసుగడ్డ తరిగి పిండిలో కలిపి మందపాటి ఊతప్పంలా వేస్తారు. దానిమీద సాధారణంగా పంది మాంసం ముక్కలు పరుస్తారు. వంటల్లో విరివిగా వాడే మిరిన్ అనే తియ్యటి ద్రవం బియ్యంతో చేసిన ఒక రకం మద్యం. చూడటానికి పులుసులా, పాకంలా ఉన్నదాంట్లో ఏమి కలిసిందో కొత్తవాడికి తెలియదు. బోర్డు చదువుదామంటే లిపి రాదు.

ఇక్కడే మా కుర్రాడికి గైడు విలువ తెలిసిందట. మన ప్రాంతంలో ఎక్కువమంది అనుసరించే హనఫీ పద్ధతిలో నీటి జీవుల్లో చేప తప్ప తక్కినవాటిని తినరు. రొయ్యల విషయంలో మాత్రం పండితుల మధ్య భిన్నాభిప్రాయాలున్నాయి. షాఫయీ పద్ధతివారు ఆక్టోపస్‌నూ అనుమతిస్తారు. ఒకే బల్ల దగ్గర కూర్చున్న ఇద్దరు ముస్లింలలో ఒకరు తినవచ్చు, ఒకరు తినకూడదు. ఈ తేడా తెలిసిన గైడు ముందే అడిగి, ఎవరికి ఏది తగునో చూసి తీసుకెళతాడు. తెలియనివాడు అందరికీ ఒకే పళ్ళెం పెట్టిస్తాడు.

జపానుకు ముస్లిం యాత్రికులు కొత్తేమీ కాదు. ఒసాకాకు దగ్గరలోని కోబె రేవు పట్టణంలో 1935లోనే మసీదు వెలిసింది. అక్కడ వ్యాపారం చేసుకుంటున్న భారతీయ వర్తకులు, రష్యా నుంచి వలస వచ్చిన తాతారులు చందాలు వేసుకుని కట్టిన మసీదు అది. 1945 బాంబుదాడులనూ, 1995 భూకంపాన్నీ తట్టుకుని నిలబడింది. పరాయి ఊరిలో ఏది తినాలి, ఎక్కడ నమాజు చేసుకోవాలి అని చెప్పే మనిషి కోసం ఆ వర్తకులు కూడా వెతుక్కునే ఉంటారు కదా!

గుల్జార్ హౌజ్ దగ్గర నాలుగు మాటలు

ఖాలా ప్రశ్నకు సగం జవాబు అలా ఒసాకా నుంచి దొరికింది. తక్కిన సగం కోసం మేము జపాను వెళ్ళలేము. మనకు తెలిసిన ఊళ్ళలో తిండి పేరు చెబితే గుర్తొచ్చేది హైదరాబాదే. 2019లో యునెస్కో సంస్థ ఆ నగరాన్ని పాకశాస్త్రంలో సృజనాత్మక నగరంగా గుర్తించింది. పాతబస్తీలో వారసత్వ కట్టడాలను నడిపిస్తూ చూపించేవారు చాలాకాలంగా ఉన్నారు. రంజాన్ నెలలో ఆ నడకలు సాయంత్రానికి మారి, తిండి చుట్టూ తిరుగుతాయి.

రంజాన్ రెండో వారంలో మూడు కుటుంబాలవారం, మొత్తం పదకొండుమందిమి, మదనపల్లె వెళ్ళి రాత్రి బస్సెక్కాము. మాలో అయిదుగురు స్త్రీలు. ఖాలా రానంటే రానంది. “రాత్రిపూట బజారులో ఆడవాళ్ళు నిలబడి తినడమేమిటి?” అన్నది ఆమె అభ్యంతరం. కూర్చోబెట్టే తినిపిస్తామని మాట ఇచ్చాక బయలుదేరింది.

అసర్ నమాజు అయిన తరువాత గుల్జార్ హౌజ్ ఫౌంటెన్ దగ్గర మాకు దారి చూపే యువకుడు కలిశాడు. పాతబస్తీలోనే పుట్టి పెరిగినవాడు. ఉపన్యాసమేదో మొదలుపెడతాడనుకున్నాము. అలా కాక ముందుగా నాలుగు మాటలు చెప్పాడు. ఎవరి ముఖాన్నయినా అడగకుండా ఫొటో తీయకూడదు. సందులో గుంపుగా నిలబడి దారికి అడ్డం కాకూడదు. అజాన్ వినిపించగానే నడక ఆగుతుంది. రుచి నచ్చకపోతే పక్కకు నెట్టకుండా ముందే తక్కువ పెట్టించుకోవాలి. “ఇవి పాటిస్తే మీరు మా మెహమాన్‌లు. లేకపోతే తమాషా చూడటానికి వచ్చినవాళ్ళు అవుతారు” అని నవ్వుతూ ముగించాడు.

ఆ తరువాతే చుట్టూ ఉన్న నాలుగు కమాన్‌లనూ చూపించాడు. హిజ్రీ లెక్కన వెయ్యో సంవత్సరం, అంటే 1591లో, మహమ్మద్ కులీ కుతుబ్ షా చార్మినార్ కట్టించాడని మనమంతా బడిలో చదివినదే. ఆ రాజు నాలుగు బాటల కూడలిని మధ్యన పెట్టుకుని ఊరిని వేయించాడు కనుకనే ఈనాటికీ బజారు ఆ కూడలి చుట్టూనే తిరుగుతున్నదన్న సంగతి మాత్రం అక్కడ నిలబడి చూస్తేనే బోధపడింది.

భట్టీ దగ్గర

మమ్మల్ని ముందుగా తీసుకెళ్ళింది హోటలు లోపలికి కాదు, వెనుక సందులోని హలీం భట్టీ దగ్గరికి. ఇటుకలు, మట్టితో కట్టిన పొయ్యిలో పెద్ద రాగి దేగ్చా దిగేసి ఉంది. ఇద్దరు మనుషులు గోట్నీలు అనే పొడవాటి కర్రలతో లోపల ఉన్నదాన్ని బలంగా మెదుపుతున్నారు. వేడికి వారి చొక్కాలు తడిసి ముద్దయ్యాయి. ఇద్దరూ రోజాతో ఉన్నారు.

హలీం కథ అరబ్బు దేశాల్లో మొదలవుతుంది. గోధుమలు, మాంసం కలిపి మెత్తగా ఉడికించే హరీస్ అనే వంటకం దానికి మూలం. నిజాం సైన్యంలో పనిచేయడానికి యెమెన్‌లోని హద్రమౌత్ ప్రాంతం నుంచి వచ్చినవారు దాన్ని వెంట తెచ్చారు. వారి బారకాసులు ఉన్న చోటే నేటి బార్కస్ పేట. అక్కడ ఇప్పటికీ హరీస్ దొరుకుతుంది. చక్కెర వేసిన తీపి హరీస్ కూడా చేస్తారు. ఏడవ నిజాం కాలంలో, 1930ల ప్రాంతంలో, హద్రమీ వంశానికి చెందిన సుల్తాన్ సైఫ్ నవాజ్ జంగ్ విందులవల్ల ఆ వంటకం నగరంలోని పెద్ద కుటుంబాలకు పరిచయమైందంటారు. పప్పులు, మసాలాలు, నెయ్యి చేరి హైదరాబాదు హలీం అయింది. 1956 ప్రాంతంలో మదీనా హోటల్‌లో అమ్మకానికి పెట్టడంతో సామాన్యులకూ అందింది. 2010లో భౌగోళిక గుర్తింపు లభించింది. మనదేశంలో మాంసాహార వంటకానికి ఆ గుర్తింపు దక్కడం అదే మొదలు. ఆ పేరు పెట్టుకోవాలంటే మేకమాంసమే వాడాలి, మాంసం పదిపాళ్ళకు గోధుమలు నాలుగు పాళ్ళుండాలి, రాగి పాత్రలో కట్టెల మంటమీద 12 గంటలు ఉడకాలి అని నియమాలున్నాయి.

ఇదంతా యువకుడు చెబుతుంటే మేము విన్నాము. ఖాలా మాత్రం వినడం లేదు. కర్ర పట్టుకున్న మనిషి భుజాలవైపు చూస్తూ ఉంది. “ఎప్పటినుంచి కలుపుతున్నావు బేటా?” అని అడిగింది. ఫజర్ తరువాత పొయ్యి వెలిగించామనీ, మధ్యాహ్నం నుంచి మెదుపుతున్నామనీ అతను చెప్పాడు. తమది బీదరు వైపు పల్లె అనీ, ఈ నెల రోజుల సంపాదనతో ఇంటి అప్పు కొంత తీరుతుందనీ అన్నాడు. “నలభై ఏళ్ళు ఇంట్లో పెళ్ళిళ్ళకు దాల్చా కలిపాను. భుజం ఇక్కడే లాగుతుంది, కాదూ?” అని ఖాలా తన భుజంమీద చెయ్యి పెట్టి చూపింది. అతను నవ్వి, అవునన్నట్టు తల ఊపాడు. మా అందరికంటే ముందు ఆ వీధికి అతిథి అయింది ఆమే.

ఒక కుర్రాడి ఫోను

ఇఫ్తార్ సమయానికి మక్కా మసీదు ఆవరణకు చేరాము. కుతుబ్ షాహీల కాలంలో పునాది పడి, 1694లో ఔరంగజేబు కాలంలో పూర్తయిన మసీదు అది. ఆవరణలో కుటుంబాలు దస్తర్‌ఖాన్‌లు పరుచుకుని బారులుగా కూర్చున్నాయి. ఖర్జూరాలు, పండ్ల ముక్కలు, పకోడీలు. పక్కవాడు ఎవరైనా సరే, పళ్ళెం అతని ముందుకు జరుగుతుంది.

మా వెంట వచ్చిన పదహారేళ్ళ కుర్రాడొకడు ఆ దృశ్యానికి ఉబ్బి తబ్బిబ్బై ఫోను పైకెత్తాడు. ఎదురుగా ఒక వృద్ధుడు, మాసిన బట్టలతో, ఒక కాగితంమీద నాలుగు ఖర్జూరాలు పెట్టుకుని సైరను కోసం ఎదురు చూస్తున్నాడు. ఫోను తనవైపు తిరగడం చూసి రుమాలు ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు. మాకు తల కొట్టేసినట్టయింది. నాలుగు మాటల్లో మొదటిదే మావాడు మరిచాడు. యువకుడు మందలించలేదు. మెల్లగా ఫోను కిందికి దించి, “వెళ్ళి సలాం చెప్పిరా” అన్నాడు.

కుర్రాడు తటపటాయిస్తూ వెళ్ళాడు. ఏమన్నాడో మాకు వినపడలేదు. ఆ పెద్దాయన వాడిని పక్కన కూర్చోబెట్టుకుని రెండు ఖర్జూరాలు వాడి చేతిలో పెట్టాడు. తన దగ్గరున్న దాంట్లో సగం అది. సైరను మోగింది. ఇద్దరూ కలిసి రోజా విడిచారు. ఆ రాత్రి మావాడు తీసిన ఫొటోలు తక్కువ. కానీ ఊరికి వచ్చాక వాడు పదిమందికీ పదిసార్లు చెప్పిన సంగతి ఆ రెండు ఖర్జూరాలదే.

ఈ బాధ పాతబస్తీకి మాత్రమే పరిమితం కాదు. జపానులోని క్యోటో నగరంలో గియోన్ అనే పాత పేట ఉంది. సంప్రదాయ నృత్య సంగీతాలు నేర్చిన స్త్రీలు అక్కడి సందుల్లో నడిచి పనికి వెళుతుంటారు. యాత్రికులు వారి వెంటపడి ఫొటోలు తీయడం, దారికి అడ్డం రావడం హద్దు మీరింది. దాంతో 2024లో స్థానికులు తమ ప్రైవేటు సందుల్లోకి యాత్రికులు రాకూడదని, వస్తే 10,000 యెన్‌లు జరిమానా అని బోర్డులు పెట్టించారు. ఎంతో మర్యాదస్తులని పేరున్న జనమే తలుపులు వేసుకోవలసి వచ్చిందంటే తప్పు చూసేవారిదే కదా. పాతబస్తీ ఇంకా తలుపు వేయలేదు. ఎదురు పళ్ళెం జరుపుతున్నది. ఆ మంచితనాన్ని ఎంతవరకు వాడుకోవాలన్నది వెళ్ళేవారు ఆలోచించుకోవాలి.

చివర కాక ముందు తిన్న రాత్రి

మగ్రిబ్ తరువాత హలీం. హోటలు మేడమీద కుటుంబాలకు వేరుగా గది ఉంది. వేడి హలీం, పైన వేయించిన ఉల్లిపాయలు, కొత్తిమీర, నిమ్మచెక్క. ఖాలాకు ఇచ్చిన మాట ప్రకారం కూర్చోబెట్టి, మొదటి పళ్ళెం ఆమె ముందే పెట్టించాము. ఆమె కాసేపు తినకుండా అటూ ఇటూ చూసింది. ఏమైందని అడిగితే, “రంజాన్‌లో ఇందరికంటే ముందు నేను తినడం గుర్తు లేదు” అంది.

పాఠకులు ఒక్కసారి తమ ఇంటివైపు చూసుకోవాలి. అసర్ నుంచి పొయ్యి ముందు నిలబడేదెవరు? సైరను మోగినా ఇంకో వాయి వేయించి తెచ్చేదెవరు? ఆ ఒక్క సాయంత్రం మాతో వచ్చిన అయిదుగురు స్త్రీలకు ఎవరో వండి, ఎవరో వడ్డించారు. రాత్రి బజారులో దారి తెలిసిన మనిషి ముందు నడుస్తుంటే వారికి భయమూ లేదు, బెరుకూ లేదు. మగవాళ్ళు తమంతట తాము ఎప్పుడైనా ఈ సందులు తిరగగలరు. ఇలాంటి నడకల వల్ల నిజంగా మేలు జరిగేది ఆడవారికీ, ముసలివారికీ అని మాకు అప్పుడు అర్థమైంది.

ఇషా, తరావీహ్ నమాజుల కోసం నడకకు విరామం ఇచ్చారు. ఆ తరువాతే బజారు అసలు నిద్ర లేచింది. లాడ్ బజారులో దీపాల కింద లక్క గాజులు మెరుస్తున్నాయి. వాటికీ 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. వెనుక ఇళ్ళలో నిప్పుల సెగ దగ్గర కూర్చుని లక్కకు రూపం ఇచ్చి, రాళ్ళు ఒక్కొక్కటే పొదిగేవారు ఉంటారని యువకుడు చెప్పాక ఖాలా బేరమాడటం సగంలో మానేసింది. పురానీ హవేలీవైపు పేరుపొందిన నాలుగు మూలల నాన్ రొట్టె గురించి చెప్పాడు. మున్షీ నాన్ అనే దుకాణం 1851లో మొదలైందట. నిజాం కొలువులో మున్షీగా పనిచేసిన వ్యక్తి పెట్టిన కొట్టు కనుక ఆ పేరు వచ్చిందట. మెట్రో రైలు కోసం రోడ్డు వెడల్పు చేస్తూ 2025లో పాతబస్తీలో ఎన్నో ఇళ్ళు, దుకాణాలు పడగొట్టారు. ఇవాళ చూసిన కొట్టు మీ పిల్లలు వచ్చేసరికి ఇక్కడ ఉంటుందో లేదో అని అన్నప్పుడు మాత్రం అతని ముఖంలో నవ్వు లేదు.

చివరగా ఇరానీ చాయ్. డికాక్షన్ వేరుగా, పాలు చిక్కగా వేరుగా కాచి, తాగే ముందు కలుపుతారు. పక్కన ఉస్మానియా బిస్కెట్. అర్ధరాత్రి దాటినా చంటిపిల్లలతో తల్లులు, ముసలివారు, ఇతర మతాల మిత్రులు అందరూ అక్కడే ఉన్నారు. ఖాలా రెండో కప్పు అడిగి తాగింది.

వెళ్ళదలచినవారికి

ఇలాంటి నడకకు వెళ్ళాలనుకునే కుటుంబాలకు మా అనుభవంతో కొన్ని సూచనలు. రుసుములో తిండి ఖర్చు కలిసి ఉందో లేదో ముందే అడగండి. నమాజుకు ఎక్కడ ఆగుతారు, స్త్రీలకు కూర్చునే చోటు, మరుగుదొడ్డి ఎక్కడ ఉన్నాయో తెలుసుకోండి. చక్కెర జబ్బు, రక్తపోటు ఉన్నవారు నెయ్యి, ఉప్పు దృష్టిలో పెట్టుకుని కొద్దిగానే తినండి. వయసు మళ్ళినవారికి రాళ్ళు పరిచిన దారిలో నడవడానికి అనువైన చెప్పులు అవసరం. విదేశాలకు వెళ్ళేవారైతే ఏవి తినరో ఆ జాబితాను అక్కడి భాషలో రాయించి జేబులో పెట్టుకోవడం మంచిది. అన్నిటికంటే ముఖ్యం, వండిన మనిషిని ఒక్కసారైనా పలకరించకుండా ఆ వీధి దాటకండి.

మసీదు గంజి

ఊరికి తిరిగి వచ్చిన సాయంత్రం అసర్ తరువాత మా మసీదులో ఎప్పటిలాగే గంజి కాస్తున్నారు. నూకలు, పెసరపప్పు, వెల్లుల్లి, మెంతులు, పుదీనా. వీధిలోని పిల్లలు, వారిలో హిందువుల ఇళ్ళ పిల్లలూ ఉన్నారు, గిన్నెలు పట్టుకుని వరుసలో నిలబడ్డారు. ఏళ్ళ తరబడి చూస్తున్నదే. ఆ రోజు మాత్రం మేము ఆగి చూశాము. గంజి కలిపే పెద్దాయన ఎన్ని రంజాన్‌లుగా ఆ పని చేస్తున్నాడో మాలో ఒక్కరికీ తెలియదు. పాతబస్తీలో బీదరు మనిషిని అడిగిన ప్రశ్నను మా వీధి మనిషిని ఎన్నడూ అడగలేదు.

ఖాలా గిన్నె తీసుకుని వెళ్ళి అడిగింది. ఇరవై రెండేళ్ళట. ఆయన చెంచా ఆపకుండానే చెప్పాడు. ఆమె అక్కడే గోడ పక్కన కూర్చుని కొత్తిమీర తుంచి ఇవ్వసాగింది. మేము దగ్గరికి వెళ్ళగానే తల ఎత్తి, “గైడు ఎందుకని అడిగాను కదా? ఎదురుగా ఉన్న మనిషి మనకు కనపడకపోతే కావలసిందే” అంది. ఆ పూట గంజి పంచడం పూర్తయ్యాక, పెద్దాయనకు మొదటి గిన్నె ఎవరు ఇస్తారన్నదానిమీద మా ఇంటి పిల్లలు పోటీపడ్డారు.